రికీ బాబీ నాన్న మత్తులో అన్న మాట

"ఫస్ట్ రాకపోతే నువ్వు లాస్ట్ వచ్చినట్టే." ఈ డైలాగు టీషర్టుల మీద కనిపిస్తుంది, జిమ్ము గోడల మీద కనిపిస్తుంది, పొద్దున్నే వచ్చే స్ఫూర్తి పోస్టర్లలో ఎవరో కండలవీరుడి ఫొటో కింద కనిపిస్తుంది. పంపేవాళ్ళలో చాలామందికి అది ఒక కామెడీ సినిమాలోదని తెలీదు. తెలిసినవాళ్ళు కూడా అసలు సంగతి మర్చిపోతుంటారు: ఆ మాట అన్న మనిషే అదే సినిమాలో దాన్ని కొట్టిపారేస్తాడు.

సినిమా 2006లో వచ్చిన 'టల్లడేగా నైట్స్', కార్ల రేసుల మీద తీసిన కామెడీ. ఆడమ్ మెకే దర్శకుడు, అతనూ విల్ ఫెరెల్ కలిసి రాశారు. హీరో రికీ బాబీ చిన్నప్పుడు వాళ్ళ నాన్న రీస్ బాబీ స్కూలుకొచ్చి, నానా గొడవా చేసి, పోతూ పోతూ కొడుకు చెవిలో ఈ మాట వేసి మాయమవుతాడు. కొడుకు దాన్నే వేదంగా పట్టుకుని కార్లు తోలి, చాంపియన్ అయి, పెళ్ళాన్నీ స్నేహితుణ్ణీ ఇంటినీ పోగొట్టుకుంటాడు. చివరివైపు నాన్నని నిలదీస్తే ఆయనకసలు గుర్తే ఉండదు. గుర్తొచ్చాక, ఆ రోజు మత్తులో ఉన్నాను, అదేం మాట, సెకండ్ రావచ్చు, థర్డ్ రావచ్చు, ఫోర్త్ రావచ్చు, ఆఖరికి ఫిఫ్త్ కూడా రావచ్చు కదా అంటాడు.

మామూలుగా ఈ సినిమా గురించి రాసేవాళ్ళు దీన్ని అమెరికావాళ్ళ గెలుపు పిచ్చి మీద వ్యంగ్యంగా చదువుతారు. మెకే తర్వాత 'ద బిగ్ షార్ట్', 'వైస్' తీశాడు కాబట్టి ఆ వెలుగులో వెనక్కి తిరిగి దీంట్లోనూ రాజకీయం వెతుకుతారు. అది తప్పని కాదు గానీ, మరీ ఎత్తు నుంచి చూసిన చూపు. నాకు కనిపించేది అంతకంటే చిన్నది, కింది స్థాయిది. రీస్ బాబీ మాట నీతిపరంగా తప్పో ఒప్పో తర్వాత చూద్దాం. సినిమా ఏ ట్రాక్ పేరు పెట్టుకుందో ఆ ట్రాక్ మీద ఆ మాట యాంత్రికంగానే తప్పు. టల్లడేగాలో రెండోవాడి సాయం లేకుండా మొదటివాడు ఉండడం దాదాపు అసాధ్యం.

అందరి కాలూ నేలకే

అలబామాలోని టల్లడేగా ట్రాక్ 1969లో మొదలైంది. చుట్టు కొలత 2.66 మైళ్ళు, మలుపుల్లో నేల 33 డిగ్రీల వాలు. ఆ వాలు మీద నిలబడటమే కష్టం, కారుకి మాత్రం బ్రేకు వేయకుండా మలుపు తిరిగే వీలు. 1987లో బిల్ ఎలియట్ రేసుకి ముందు జరిగే క్వాలిఫయింగ్‌లో గంటకి 212.809 మైళ్ళు తోలాడు. మన లెక్కలో 342 కిలోమీటర్ల పైమాట. ఆ వారమే రేసులో బాబీ ఆలిసన్ కారు టైరు పేలి, కారు గాల్లోకి లేచి, ప్రేక్షకుల ముందున్న కంచెని చీల్చింది. ఇంకొంచెం ఉంటే కారు జనంలోకి పోయేది.

దాంతో 1988 నుంచి 2019 మొదటిదాకా టల్లడేగాలోనూ, ఇలాంటిదే ఫ్లోరిడాలో ఉన్న డేటోనా ట్రాక్‌లోనూ ఇంజన్లకి రెస్ట్రిక్టర్ ప్లేట్ పెట్టారు. ఇది పెద్ద యంత్రమేమీ కాదు. నాలుగు చిల్లులున్న పల్చటి లోహపు రేకు. గాలీ పెట్రోలూ కలిపే కార్బురేటర్‌కీ, దాని కింద ఆ మిశ్రమాన్ని ఇంజన్లోకి పంపే ఇన్‌టేక్ మానిఫోల్డ్‌కీ మధ్య బిగించేవాళ్ళు. చిల్లులు చిన్నవి కాబట్టి ఇంజనుకి గాలి తక్కువ అందేది. 358 క్యూబిక్ అంగుళాల వీ8, మిగతా ట్రాకుల మీద 750 హార్స్‌పవర్ పైన ఇచ్చే ఇంజను, ఈ రేకుతో సుమారు 450 దగ్గర ఆగిపోయేది.

ఈ ఒక్క రేకు ఆట స్వభావాన్నే మార్చేసింది. శక్తి తగ్గింది కాబట్టి మలుపుల్లోనూ యాక్సిలరేటర్ వదలక్కర్లేదు. ఒకసారి వదిలితే పోయిన వేగం మళ్ళీ కూడటానికి చాలాసేపు పడుతుంది, కాబట్టి ఎవడూ వదలడు. అందరి కాలూ నేలకి ఆనించే ఉంటుంది, అందరి ఇంజనూ ఊపిరాడక ఒకే రకంగా పనిచేస్తుంటుంది. ఫలితం ముప్ఫై, నలభై కార్లు గుంపుగా, మూడేసి వరసల్లో, గంటకి 190 మైళ్ళ వేగంతో. ఒకడు తడబడితే ఇరవై కార్లు పోతాయి. దాన్ని అక్కడివాళ్ళు 'ద బిగ్ వన్' అంటారు.

రికీ బాబీ సినిమా అంతా "నాకు వేగంగా పోవాలనుంది" అంటుంటాడు. పోవాలని ఎవడికి లేదు? వేగం అందరికీ సమానంగా పంచేసిన చోట ఆ కోరికతో ఒరిగేదేమీ లేదు. అక్కడ నైపుణ్యమంటే ఎవడి వెనక చేరాలి, ఎవడు నా వెనక వస్తాడు, ఎవడు రాడు అన్న లెక్క.

గాలిలో ఇద్దరు

ముందు కారు గాలిని చీల్చుకుంటూ పోతే దాని వెనక గాలి పల్చబడుతుంది. వెనక కారు అందులోకి దూరితే ఎదురుగాలి తగ్గి, అదే ఇంజనుతో ఎక్కువ వేగం అందుతుంది. సైకిల్ మీద లారీ వెనక నక్కి పోయినవాళ్ళకి ఇది కొత్త కాదు. తక్కువమంది పట్టించుకునేది రెండో సగం. ఆ పల్చబడిన గాలి ముందు కారుని తోక పట్టి వెనక్కి లాగుతుంటుంది. వెనక కారు ముక్కు అక్కడికి చేరగానే ఆ లాగుడు తగ్గుతుంది. అంటే ముందువాడికీ లాభమే. ఒకదాన్నొకటి అంటిపెట్టుకుని పోయే రెండు కార్లు, ఒంటరిగా పోయే ఏ ఒక్క కారు కంటే వేగంగా పోతాయి. 1960 డేటోనా 500లో జూనియర్ జాన్సన్ తన నిదానపు షెవర్లేతో వేగమైన పాంటియాక్‌ల తోక పట్టుకుని గెలిచింది ఈ కిటుకుతోనే. ఆయన కుర్రతనంలో దొంగసారా కార్లు తోలినవాడు. పోలీసుల్ని తప్పించుకునే రోజుల్లో ఈ విద్య అవసరపడి ఉండదు, ఎందుకంటే అక్కడ ముందుపోయేది ఒకే కారు.

సినిమాలో రికీ, అతని స్నేహితుడూ టీమ్‌లో తోడూ అయిన కాల్ నాటన్ జూనియర్ కలిసి చేసే 'షేక్ అండ్ బేక్' ఇదే. రేసు భాషలో స్లింగ్‌షాట్. (షేక్ అండ్ బేక్ అమెరికాలో కోడిముక్కలకి పట్టించే ఒక పొడి పేరు కూడా. ఈ సినిమాలో స్నేహం కూడా బ్రాండు పేరుతోనే.) వెనకున్నవాడు నాలుగు కార్ల దూరం వెనక్కి తగ్గి, పల్చటి గాలిలో వేగం పుంజుకుని, ఆఖరి క్షణంలో పక్కకి లాగి దాటేస్తాడు. చెప్పడానికి ఇంతే. తప్పులు జరిగేది ఇక్కడే. పక్కకి లాగగానే మంచి గాలి మొహాన కొడుతుంది, అప్పటిదాకా పోగేసిన ఊపు చాలకపోతే కారు గోడకి గుద్దుకున్నట్టు ఆగిపోతుంది. వెంట ఎవడూ రాకపోతే ఒంటరిగా మధ్యలో వేలాడుతూ, పక్క వరసలో కార్లు ఒక్కొక్కటే దాటిపోతుంటే చూస్తూ, రెండు చుట్లలో పదిహేను స్థానాలు దిగిపోవచ్చు. వెనకవాడు బంపర్‌తో నెట్టి సాయం చేయొచ్చు గానీ నిటారుగా, మధ్యలో నెట్టాలి. మలుపులో బంపర్ మూలకి తగిలితే ముందు కారు గిర్రున తిరుగుతుంది. ఎక్కువసేపు అంటిపెట్టుకున్నా కష్టమే. వెనక కారు రేడియేటర్‌కి గాలి అందక నీళ్ళు మరుగుతాయి. 2011 ప్రాంతంలో జంటగా తోసుకునే పద్ధతి ముదిరినప్పుడు డ్రైవర్లు ఇంజను వేడి చూసుకుంటూ స్థానాలు మార్చుకోవాల్సి వచ్చేది. కాసేపు నేను తోస్తాను, కాసేపు నువ్వు తొయ్యి.

ఈ చివరి వాక్యం గుర్తుపెట్టుకుని సినిమాలో కాల్‌ని చూడండి. కాల్ ఎప్పుడూ తోసేవాడే. ఒకసారి నోరు తెరిచి, నేనూ ఒక్కసారి గెలవచ్చా అని అడుగుతాడు. నువ్వు గెలిస్తే మరి నేనెలా గెలుస్తాను అని రికీ అమాయకంగా ఆశ్చర్యపోతాడు. రెండు ఒకట్లు ఉండవు కదా అంటే, అవును, అప్పుడది పదకొండు అవుతుంది అని కాల్ తనే ఒప్పుకుంటాడు. సినిమాలో నాకు అన్నిటికంటే బాగా నవ్వు తెప్పించేది ఇదే, కాస్త కడుపులో కలుక్కుమనిపించేదీ ఇదే. తోసేవాడికి కూడా తోయడమే సృష్టి ధర్మం అన్నట్టు తోచడం.

తర్వాత రికీ కుప్పకూలితే అతని ఇల్లు, భార్య కాల్ చేతికొస్తాయి. అయినా కాల్‌కి అది ద్రోహంలా అనిపించదు. స్నేహం అలాగే ఉందనుకుంటాడు. మొదటి స్థానం ఖాళీ అయితే అందులో ఉన్న సామానుతో సహా ఎక్కి కూర్చోవడం తప్ప, తనదంటూ ఒక స్థానం ఎలా ఉంటుందో అతనికి తెలీదు. జాన్ సి. రైలీ ఈ పాత్రని వెర్రిబాగులవాడిలా చేశాడు గానీ కుట్రదారులా చెయ్యలేదు. అదే సరైన పని.

ఐదు పాయింట్ల తేడా

ఇక్కడ ఒక అభ్యంతరం వస్తుంది. ట్రాక్ మీద గాలి సంగతి సరే, చివరికి కప్పు ఒకడికే కదా, చరిత్రలో మిగిలేది మొదటివాడే కదా? అమెరికాలో ఈ రేసులు నడిపే సంస్థ నాస్కార్. దాని లెక్కల పుస్తకం తెరిస్తే ఇదీ తేలిగ్గా తేలదు.

1975 నుంచి వాడిన పాయింట్ల పద్ధతిలో గెలిచినవాడికి 175, రెండోవాడికి 170. మూడోవాడికి 165. 43 కార్ల రేసులో ఆఖరివాడికి కూడా 34. అంటే రీస్ బాబీ సిద్ధాంతం ప్రకారం సమానమైన రెండో స్థానానికీ నలభైమూడో స్థానానికీ మధ్య 136 పాయింట్లు, ఒకటికీ రెండుకీ మధ్య ఐదు. ముందున్న చుట్లకి బోనస్ ఉండేది, అదీ ఐదైదు చొప్పునే. 2003లో మాట్ కెన్సెత్ ఏడాది మొత్తంలో ఒకే ఒక్క రేసు గెలిచి చాంపియన్ అయ్యాడు. పాతిక రేసుల్లో మొదటి పదిలో ఉన్నాడు, అంతే. అదే ఏడాది రయన్ న్యూమన్ ఎనిమిది గెలిచి ఆరో స్థానంలో తేలాడు. ఇంతకుముందూ జరిగింది: 1973 చాంపియన్ బెన్నీ పార్సన్స్ గెలిచింది ఒక్క రేసే. ఈ బెన్నీ పార్సన్స్ 'టల్లడేగా నైట్స్'లో కామెంటేటర్‌గా తన పాత్రే తనే వేశాడు. "ఫస్ట్ రాకపోతే లాస్ట్" అని నమ్మేవాడి రేసుల్ని వర్ణిస్తున్న గొంతు, ఏడాదిలో ఒక్కసారి తప్ప ఫస్ట్ రాకుండానే చాంపియన్ కావచ్చని చూపించిన మనిషిది. దర్శకుడు దీన్ని కావాలని పెట్టాడని నేననను. టీవీలో అప్పట్లో కూర్చునే బృందాన్నే తెచ్చి కూర్చోబెట్టారు. అయినా బావుంది.

కానీ ఇక్కడే నా వాదనకి గట్టి ఎదురుదెబ్బ కూడా ఉంది. కెన్సెత్ గెలుపు చూసి నాస్కార్ సంతోషపడలేదు. 2004లో నియమాలు మార్చింది. మొదటి స్థానానికి పాయింట్లు 180 చేసింది, చివరి పది రేసులకి మొదటి పదిమందినీ దగ్గరకి లాగి మళ్ళీ పోటీ పెట్టింది. 2014లో ఇంకా ముందుకి పోయి, ఒక్క రేసు గెలిస్తే చాలు, ప్లేఆఫ్‌లో, అంటే ఆ చివరి పది రేసుల పోటీలో, చోటు దాదాపు ఖాయం అంది. అంటే ఆటని నడిపే సంస్థే రీస్ బాబీ వైపు జరుగుతూ వచ్చింది. స్థిరంగా నాలుగో స్థానంలో వచ్చేవాణ్ణి చూడటానికి జనం టీవీ పెట్టరు, స్పాన్సర్లు డబ్బు పెట్టరు. ఫలితాల రోజు టీవీల్లో "ఒకటి, ఒకటి, ఒకటి" అని గొంతు చించుకునే ర్యాంకుల ప్రకటనలు విన్న మనకి ఈ వ్యాపారం కొత్తగా చెప్పక్కర్లేదు.

అయినా 2014లో ఏమైందంటే, ఆ కొత్త పద్ధతిలోనే ఒకడు ఒక్క రేసూ గెలవకుండా చివరి రేసు దాకా వచ్చి, ఇంచుమించు చాంపియన్ కాబోయి, మొత్తం మీద రెండో స్థానంలో ఆగాడు. ఎవరంటే, 2003లో ఎనిమిది గెలిచి ఆరోవాడైన ఆ రయన్ న్యూమనే. ఏ నియమం పెట్టినా గెలుపుకీ స్థానానికీ మధ్య లెక్క కుదరట్లేదు.

అన్నీ గెలిచినవాడు

సినిమాలో రికీకి పోటీగా దిగే జాన్ జిరార్డ్ పాత్ర గురించి చాలామంది 'ఫ్రెంచివాడు, స్వలింగసంపర్కుడు, దక్షిణాది మొరటుతనానికి ఎదురుగా పెట్టిన బొమ్మ' అని సరిపెడతారు. ఆ జోకుల్లో కొన్ని ఇప్పుడు చూస్తే పాతబడ్డాయి, ఒకటి రెండు అప్పుడే నాసి. కానీ సాచా బారన్ కోహెన్ పాత్ర కథలో చేసే పని వేరు. ఫార్ములా వన్ నుంచి వచ్చినవాడు, రేసు మధ్యలో ఫ్రెంచి రచయిత కామూ నవల చదువుకుంటూ కాఫీ తాగుతూ గెలుస్తుంటాడు. రీస్ బాబీ సిద్ధాంతాన్ని చివరిదాకా తీసుకుపోతే తేలేది ఇతనే. ఎప్పుడూ ఫస్టే. అందుకే విసుగు. తనని ఓడించేవాడు దొరికితే రిటైరై భర్తతో కలిసి, కుక్కలకీ పిల్లులకీ వాడుకోడానికి కరెన్సీ తయారు చేసుకుంటూ బతుకుతానంటాడు. అమెరికా వచ్చిందే ఓడిపోవడానికి. రికీ ఓటమికి భయపడి కుప్పకూలితే ఇతను ఓటమి కోసం సముద్రం దాటి వచ్చాడు.

బార్లో చెయ్యి విరిచే సన్నివేశం కూడా దీనికి దగ్గరిదే. "నాకు క్రేప్‌లంటే ఇష్టం" అంటే వదిలేస్తానంటాడు జిరార్డ్. స్నేహితులు, అవి పల్చటి పాన్‌కేకులేరా, నీకిష్టమే కదా అంటారు. నిజంగానే ఇష్టం. అయినా అనడు, చెయ్యి విరగ్గొట్టించుకుంటాడు. ఒప్పుకోవడానికి అడ్డొచ్చింది క్రేప్ కాదు, ఇంకొకడు అడిగితే ఒప్పుకోవడం.

బ్రెడ్డు కంపెనీ దగ్గర మెత్తబడ్డ సినిమా

సినిమా మీద నాకున్న పెద్ద అనుమానం ప్రకటనల దగ్గర. అన్నం ముందు ప్రార్థనలో పవరేడ్ అనే డ్రింకు పేరు కాంట్రాక్టు ప్రకారం చెప్పడం, కారు అద్దం మీద ఫిగ్ న్యూటన్స్ బిస్కెట్ల స్టిక్కర్ అతికించుకుని రోడ్డు కనపడక అవస్థపడుతూ అయినా నాకవంటే ఇష్టమే అనడం, పేల్చడానికి పేల్చారు. నాస్కార్ కార్ల మీద అంగుళం ఖాళీ లేకుండా స్టిక్కర్లుండటం నిజమే, ఫలానా స్టిక్కరు ఉంటేనే ఫలానా బహుమతి డబ్బుకి అర్హత అన్న పద్ధతీ నిజమే. కానీ వెక్కిరించినా వెక్కిరించకపోయినా పేరు తెర మీద పడింది. రికీ స్పాన్సరైన వండర్ బ్రెడ్‌కి ఇంతకంటే మంచి ప్రచారం దొరకదు. ఆ బ్రెడ్డు చేసే ఇంటర్‌స్టేట్ బేకరీస్ అప్పటికే, అంటే 2004 సెప్టెంబరులోనే దివాలా పిటిషన్ వేసుంది. దివాలాలో ఉన్న కంపెనీ పేరు ఛాతీ మీద వేసుకుని "నేనే ఫస్ట్" అని అరిచే హీరో. ఇది సినిమా చెప్పని జోకు.

ఇక నాస్కార్ సహకారం లేకుండా ఈ సినిమా తీయలేరు. కాబట్టి వ్యంగ్యం ఒక గీత దాటదు. చెడ్డవాడు టీమ్ యజమాని డెన్నిట్ జూనియరే, ఆటని నడిపేవాళ్ళు కాదు. 2004లో పాయింట్లు ఎందుకు మార్చారన్న ప్రశ్న ఇందులో రాదు, రానివ్వరు.

రెండోవాళ్ళు, మూడోవాళ్ళు

2000 అక్టోబరు 15న టల్లడేగాలో నాస్కార్ దిగ్గజం డేల్ ఎర్న్‌హార్ట్ ఇంకా ఐదారు చుట్లుండగా పద్ధెనిమిదో స్థానంలో ఉన్నాడు. గెలిచాడు. వెనక నుంచి అతన్ని తోసుకొచ్చినవాడు కెన్నీ వాలెస్, రెండో స్థానం. ఎర్న్‌హార్ట్‌కి అది 76వ గెలుపు, ఆఖరిదీ అదే. నాలుగు నెలల తర్వాత, 2001 ఫిబ్రవరి 18న డేటోనా 500 ఆఖరి చుట్టులో అతను మూడో స్థానంలో ఉన్నాడు. ముందున్నవి రెండూ అతని సొంత టీమ్ కార్లు, ఒకటి మైకేల్ వాల్ట్రిప్‌ది, ఒకటి కొడుకు డేల్ జూనియర్‌ది. వెనక నుంచి వచ్చేవాళ్ళని వాళ్ళ దాకా రానివ్వకుండా కాస్తూ గోడకి గుద్దుకుని చనిపోయాడు. అప్పటిదాకా 462 రేసుల్లో ఒక్కటీ గెలవని వాల్ట్రిప్ ఆ రోజు గెలిచాడు. గెలుపు కోసం ఎవణ్ణయినా నెట్టేస్తాడని పేరుపడ్డ మనిషి ఆఖరి పని ఇది. రికీ బాబీ కథ రాసినవాళ్ళకి ఇది తెలియకుండా ఉండే అవకాశం లేదు, అయిదేళ్ళ కిందటి సంగతే. సినిమా దాన్ని ముట్టుకోలేదు, ముట్టుకోకపోవడమే మర్యాద.

పదేళ్ళ తర్వాత, 2011 ఏప్రిల్‌లో టల్లడేగాలో జిమ్మీ జాన్సన్ సెకనులో వెయ్యింట రెండు వంతుల తేడాతో గెలిచాడు. అతన్ని గీత దాకా తోసుకొచ్చింది డేల్ జూనియర్. జూనియర్‌కి దక్కింది నాలుగో స్థానం. రేసు అయ్యాక జాన్సన్ గెలుపు జెండా తీసుకెళ్ళి అతనికిచ్చేశాడు.

సినిమా క్లైమాక్స్‌లో కాల్ మళ్ళీ రికీని ముందుకి విసురుతాడు. రికీ, జిరార్డ్ గుద్దుకుని కార్లు నుజ్జయితే ఇద్దరూ కాలినడకన గీత దాకా పరుగెత్తుతారు. కారు దిగినందుకు ఇద్దర్నీ అనర్హులంటారు, గెలుపు కాల్‌కి పోతుంది. చాలామంది దీన్ని కాల్‌కి జరిగిన న్యాయం అంటారు. నాకంత తృప్తి లేదు. కాల్ గెలిచింది ముందువాళ్ళిద్దరూ లెక్కలోంచి పోవడం వల్ల, ఎవరో తోసి సాయం చేయడం వల్ల కాదు. కాసేపు నేను తోస్తాను, కాసేపు నువ్వు తొయ్యి అన్న ఒప్పందం ఈ కథలో ఒక్కసారీ అమలు కాలేదు. రికీ కాల్‌ని ముందుకి నెట్టిన షాట్ ఒక్కటంటే ఒక్కటి ఉంటే తండ్రి దిద్దుబాటు కొడుక్కి ఎక్కిందని నమ్మేవాణ్ణి. ఇప్పుడున్న సినిమాలో రికీ ఓడిపోవడం నేర్చుకున్నాడు, రెండోవాడిగా ఉండటం మాత్రం నేర్చుకోలేదు. రెండూ ఒకటి కావు.

ఆ పరుగు మాత్రం నిజంగా జరిగింది, సినిమా వచ్చిన మూడేళ్ళకి. 2009 ఏప్రిల్‌లో టల్లడేగా ఆఖరి చుట్టులో కార్ల్ ఎడ్వర్డ్స్ ముందున్నాడు, బ్రాడ్ కెసలోస్కీ అతన్ని అక్కడిదాకా తోసుకొచ్చాడు. గీత దగ్గరపడగానే కెసలోస్కీ పక్కకి లాగాడు, ఎడ్వర్డ్స్ అడ్డుపడబోయాడు, మూల తగిలింది. కారు లేచి కంచెకి తగిలింది, ప్రేక్షకుల్లో కొందరికి దెబ్బలు. ఎడ్వర్డ్స్ కారులోంచి దిగి, గీత దాకా పరుగెత్తుకుంటూ వెళ్ళి దాటాడు. అందరూ రికీ బాబీ అన్నారు. లెక్కల్లో అతనికి ఇరవైనాలుగో స్థానం. గెలిచింది తోసినవాడే.